కడోదరా వాగుకు దిక్కెవరు?

సూరత్ నుంచి బార్డోలీ వెళ్లే రోడ్డు ముంబయి–అహ్మదాబాద్ జాతీయ రహదారిని దాటే చోట కడోదరా ఉంది. పల్సాణా తాలూకాలో ఒకప్పుడు చెరకు, వరి పండించుకున్న పల్లెల్లో ఇదొకటి. ఇప్పుడు డైయింగ్ మిల్లులు, మరమగ్గాల షెడ్లు, గోదాములు, వలస కార్మికులు వంతులవారీగా నిద్రపోయే గదులు. చౌరస్తాలో కాసేపు నిలబడితే ఒడియా, భోజ్‌పురి, మరాఠీ, తెలుగు అన్నీ చెవిన పడతాయి. ఆ చుట్టుపక్కల ఏ దారిన వెళ్లినా ఎక్కడో ఒకచోట కల్వర్టు ఎదురవుతుంది. దాని కింద నీరుందో లేదో వంగి చూసేవాళ్లు తక్కువ. వానాకాలంలో అది రోడ్డెక్కిన రోజున మాత్రం ఊరందరికీ గుర్తొస్తుంది.

పల్సాణా, బార్డోలీ, కామ్రేజ్ తాలూకాల పొలాల్లో పడిన వాన ఇలాంటి చిన్న చిన్న పాయల్లో చేరి పడమటి దిక్కుకు నడుస్తుంది. పొలాల నడుమ పారే వాగునూ, సముద్రం దగ్గర పోటు నీరు ఎక్కే పాయనూ అక్కడివాళ్లు ఖాడీ అనే పిలుస్తారు. కడోదరా పక్కనున్న బలేశ్వర్ దగ్గర పారేది బత్రీస్ గంగా ఖాడీ. పెద్ద వాన పడితే అది బలేశ్వర్ వీధుల్లోకి వస్తుంది. సూరత్ వైపు సాణియా హేమాద్, కుంభారియా, సారోలీ ఊళ్ల మీదుగా మీఠీ ఖాడీ నగరంలోకి దిగుతుంది. నగరం లోపలి ఖాడీలు ఒకదానిలో ఒకటి కలిసి చివరికి మిండోళా నదిలో పడతాయి. సోన్‌గఢ్ దగ్గరి దోస్వాడాలో పుట్టే మిండోళా సుమారు 105 కిలోమీటర్లు నడిచి, డుమస్‌కు దక్షిణాన ఖంభాత్ సింధుశాఖ ముఖద్వారంలో సముద్రాన్ని చేరుతుంది. కడోదరా నుంచి ముక్కుసూటిగా లెక్కేస్తే కడలి 30 కిలోమీటర్ల లోపే. అయితే ఆ కాస్త దూరంలోనే వాగుకు ఎందరో యజమానులు తయారవుతారు, బాధ్యుడు మాత్రం ఎక్కడా దొరకడు.

ముందుగా సముద్రపు కొసన ఏముందో చూద్దాం. ఆ కొస అర్థమైతే తప్ప పైన ఊళ్లలో నీరెందుకు నిలుస్తుందో అర్థం కాదు.

మిండోళా మొగ దగ్గర ఒడ్డు ఎక్కడ ముగిసి సముద్రం ఎక్కడ మొదలవుతుందో గీత గీసి చెప్పలేం. మెత్తని బూడిదరంగు బురద మైళ్ల పొడవునా పరుచుకుని ఉంటుంది. పాటు వేళ ఆ బురద మీద పీతల బొరియలు, నోరు తెరిచి గెంతే బురదచేపలు, తెల్లమడ చెట్ల చుట్టూ నేలలోంచి నిక్కబొడుచుకుని లేచే ఊపిరి వేర్లు కనిపిస్తాయి. పోటు వచ్చిందంటే ఇవన్నీ నీళ్లకిందికి పోతాయి. మన దివిసీమలోనూ, కోరింగలోనూ చూసే దృశ్యమే ఇది. తేడా పోటు ఎత్తులో ఉంది. ఖంభాత్ సింధుశాఖ గరాటు ఆకారంలో ఉండడం వల్ల సముద్రం లోపలికి వచ్చేకొద్దీ ఎత్తు పెరుగుతుంది. ఎదురుగా ఉన్న భావ్‌నగర్ దగ్గర అమావాస్య, పౌర్ణమి రోజుల్లో పోటుకూ పాటుకూ మధ్య తేడా 10 మీటర్లు దాటుతుంది. సూరత్ తీరంలో అంత లేకపోయినా మన కాకినాడ, మచిలీపట్నం తీరాలతో పోలిస్తే చాలా ఎక్కువ. ఆ నీరు మిండోళాలోకి, దాని ఖాడీల్లోకి ఎదురెక్కుతుంది. అలా ఎదురెక్కిన గంటల్లో పైనుంచి వచ్చే వాగు నీటికి సముద్రంలోకి దారి ఉండదు.

రోజుకు రెండు పోట్లు. ఒక్కో పోటు పొంగి తీయడానికి పన్నెండున్నర గంటలు. అందులో పోటు ఎక్కే గంటల్లో వాగు పడమటికి పోలేదు. మరి అప్పటిదాకా ఆ నీరు ఎక్కడుండాలి? ఇన్ని వేల ఏళ్లుగా ఆ ప్రశ్నకు జవాబు చెప్పినవి పర్ర భూములు, మడ చెట్ల నేలలు, ఉప్పు బీళ్లు. బస్సు రావడం ఆలస్యమైతే ప్రయాణికులు కూర్చునే విశ్రాంతి గది ఎలాంటిదో వాగుకు ఆ బురద నేల అలాంటిది. అక్కడ నీరు వెడల్పుగా, పలచగా పరుచుకుని పాటు కోసం ఎదురుచూస్తుంది. పాటు రాగానే దిగిపోతుంది. రెవెన్యూ రికార్డులో ఆ నేలకు బంజరు అని రాసుకోవచ్చు. వాగు లెక్కలో అది బంజరు కాదు. దాన్ని మట్టితో పూడ్చి ఎత్తు చేస్తే అంత నీరూ వెనక్కి, మనుషులుండే చోటికి వచ్చి నిలబడుతుంది. మాయమైపోదు.

ఆ నేల సముద్రానిదే అనడానికి చరిత్రలో గట్టి సాక్ష్యం ఒకటుంది. 1930 ఏప్రిల్ 6న దండిలో ఉప్పు తీసిన మూడు రోజులకు గాంధీజీ సూరత్ దగ్గరి భీమ్‌రాడ్‌కు వెళ్లారు. ఉప్పు చట్టాన్ని అక్కడా ధిక్కరించారు. నేల మీద ఉప్పు పేరుకుని దొరికిందంటే పోటు నీరు అక్కడిదాకా వచ్చి, నిలిచి, ఆరిపోయేదని అర్థం. అదే భీమ్‌రాడ్ ఇప్పుడు విస్తరిస్తున్న సూరత్ నగరంలో భాగం. దాని పక్కనే ఖజోద్. కొన్నేళ్లపాటు నగరం చెత్తంతా అక్కడే పోశారు. అదే ఊళ్లో కట్టిన సూరత్ డైమండ్ బోర్స్‌ను 2023 డిసెంబరు 17న ప్రధానమంత్రి ప్రారంభించారు. ప్రపంచంలోనే అతిపెద్ద కార్యాలయ భవన సముదాయంగా దానికి పేరొచ్చింది. దాన్ని కట్టినందుకు ఎవరినీ తప్పు పట్టడం నా ఉద్దేశం కాదు. సూరత్ వజ్రాల పరిశ్రమకు అలాంటి చోటు కావాలి. కానీ ఖాడీల దిగువన, ఉప్పు నేలల అంచున ఒక్కో ప్లాటూ మెరక అవుతున్నప్పుడు, ఆ నేల ఇన్నాళ్లూ ఎంత నీటిని పట్టి ఉంచిందో, ఆ నీటిని ఇకమీదట ఎక్కడ పట్టి ఉంచుతారో లెక్క చెప్పమని అడగడం న్యాయమే.

ఆ లెక్క తప్పితే భరించేదెవరు? ఇక్కడే ఈ వాగు కథ తెలుగువాళ్ల కథ అవుతుంది.

కరీంనగర్, వరంగల్, నల్గొండ జిల్లాల నుంచి మగ్గం పని వెతుక్కుంటూ షోలాపూర్, భివండీ, సూరత్ వెళ్లిన పద్మశాలీల గురించి తెలంగాణలో తెలియనివాళ్లుండరు. సూరత్‌లో లింబాయత్, ఉధనా, గోడాదరా, పర్వత్ పాటియా ప్రాంతాల్లో తెలుగు కుటుంబాలు తరాలుగా ఉన్నాయి. సూరత్ నగరపాలక సంస్థ తెలుగు మాధ్యమంలో బడులు నడుపుతోందంటే అక్కడ మనవాళ్ల సంఖ్య ఎంతో ఊహించవచ్చు. మీఠీ ఖాడీ పారేది సరిగ్గా ఆ బస్తీల పక్కనుంచే. అద్దె తక్కువ కాబట్టి ఖాడీ ఒడ్డున ఇళ్లు. 2020 ఆగస్టులో, 2024 జులైలో, 2025 జూన్‌లో ఆ ఇళ్లలోకి ఖాడీ వచ్చింది. 2025 జూన్ 23న ఒక్కరోజులో సూరత్‌లో 300 మిల్లీమీటర్లకు పైగా వాన కురిసింది. వాన ఆగినా నీరు దిగలేదు. పైన పల్సాణా, కామ్రేజ్ వైపు పడిన వాన అప్పుడే కిందికి దిగుతోంది, దిగువన పోటు దారి మూసింది. మధ్యలో లింబాయత్ ఉంది.

మోకాలి లోతు నీరు సాంచెల (మరమగ్గాల) షెడ్డులోకి వస్తే ఏం జరుగుతుందో సిరిసిల్లవాళ్లకు వివరించి చెప్పనక్కర్లేదు. సాంచెలు బరువైనవి, ఆడుతున్నప్పుడు నేలంతా అదురుతుంది. అందుకే ఎక్కువగా కింది అంతస్తులోనే బిగిస్తారు. మోటారు నేలకు జానెడు ఎత్తులో ఉంటుంది. నీరు తగిలితే వైండింగ్ కాలిపోతుంది. గంజిపట్టిన పడుగు నూలు తడిస్తే పోగులు ఒకదానికొకటి అంటుకుంటాయి, ఆరేలోగా బూజు పడుతుంది. బీము మొత్తం కోసి పారేయాల్సిందే. నేసి మడతపెట్టిన గ్రే బట్టకు ఖాడీ నీటి మరక పడితే వ్యాపారి తీసుకోడు. షెడ్డు యజమానికి ఆ నష్టం. కార్మికుడికి మరో రకం నష్టం. సూరత్‌లో మగ్గం మీద మీటరు లెక్కన కూలి. సాంచె ఆగిన ప్రతి పూటా కూలి సున్నా, గది అద్దె, మెస్సు బిల్లు మాత్రం మామూలే. వరద నష్టపరిహారం జాబితాలో ఈ పోయిన మీటర్లు ఏ గడిలోకీ ఎక్కవు.

సూరత్‌కు వరద కొత్త కాదు. 2006 ఆగస్టులో ఉకాయ్ జలాశయం నుంచి ఒక్కసారిగా వదిలిన నీటితో తాపీ నది పొంగి నగరంలో మూడొంతులు మునిగింది. ఆ దెబ్బ తర్వాత నగరం చాలా నేర్చుకుంది. ఉకాయ్‌కు వచ్చే నీటిని ముందుగా అంచనా వేసే వ్యవస్థ వచ్చింది. రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ ఆసియా నగరాల కోసం చేపట్టిన వాతావరణ మార్పుల కార్యక్రమంలో సూరత్ చేరింది. దాని కొనసాగింపుగా సూరత్ క్లైమేట్ చేంజ్ ట్రస్టు ఏర్పడింది. తాపీలో ఎన్ని క్యూసెక్కులు వస్తున్నాయో, ఎప్పుడు గేట్లు ఎత్తుతారో ఇప్పుడు సామాన్యుడికీ తెలుస్తుంది. అభినందించాల్సిన పనే. కానీ ఆ శ్రద్ధ అంతా పెద్ద నది మీదే. ఖాడీకి ఆనకట్ట లేదు, కాబట్టి గేట్లు లేవు. గేట్లు లేవు, కాబట్టి దానికి నియమించిన ఇంజనీరు లేడు. తాపీ వరదకు కారణం ఎక్కడో దూరాన పడిన వాన, దాన్ని రోజుల ముందే పసిగట్టవచ్చు. ఖాడీ వరదకు కారణం పక్క తాలూకాలో పొద్దున పడిన వాన, సాయంత్రానికి గడప దగ్గర ఉంటుంది. ముందస్తు సమాచారం ఎవరికి ఎక్కువ అవసరమో, అది వారికే అందడం లేదు.

పటం ముందు పెట్టుకుని చూస్తే మరో సంగతి తేటతెల్లమవుతుంది. ఇక్కడ వాగులన్నీ తూర్పు నుంచి పడమటికి పోతాయి. ముంబయి, అహ్మదాబాద్, ఢిల్లీలను కలిపే దారులన్నీ ఉత్తర దక్షిణాలుగా పోతాయి. బ్రిటిష్ కాలపు రైలు కట్ట, జాతీయ రహదారి, సరకు రవాణా రైలు మార్గం, ఢిల్లీ–ముంబయి ఎక్స్‌ప్రెస్‌వే, ఇలా ఒకదాని వెనక ఒకటి వాగులకు అడ్డంగా వచ్చాయి. బుల్లెట్ రైలు కూడా ఇటే. సూరత్ స్టేషన్ కడోదరాకు దగ్గర్లోని అంత్రోలీలో కడుతున్నారు. అది చాలావరకు స్తంభాల మీద పోతుంది కాబట్టి దానివల్ల వచ్చే ఇబ్బంది తక్కువ. మట్టి కట్టల సంగతి వేరు. ప్రతి కట్టకూ తూములు పెట్టారు. ఏ తూముకు ఆ తూము చూస్తే కొలతలు సరిగ్గానే ఉంటాయి. అన్నీ కలిపి ఒక వాగు మీద ఏం భారం మోపాయో చూసిన సంస్థ ఏదీ లేదు, ఎందుకంటే రైల్వే తన తూము చూసుకుంటుంది, హైవే సంస్థ తనది చూసుకుంటుంది. చెరకు పొలాల కాలువల సీపేజీ నీరు, మిల్లుల నుంచి వచ్చే నీరు, ప్లాస్టిక్, బట్టల పేలికలు కలిసి ఒక తూములో ఇరుక్కుంటే మిగతావన్నీ సరిగ్గా ఉన్నా లాభం లేదు.

నీటి పరిమాణం ఒక ఎత్తు, ఆ నీరు ఎలాంటిదన్నది మరో ఎత్తు. 2018లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి దేశంలో కలుషితమైన 351 నదీ భాగాల జాబితా ఇచ్చింది. గుజరాత్‌కు చెందినవి 20. సబర్మతి, నర్మద, మిండోళా పేర్ల పక్కన సూరత్‌లోని పాండేసరా దిగువన పారే బలేశ్వర్ ఖాడీ పేరూ ఉంది. మహానదుల సరసన ఒక చిన్న వాగు పేరు ఎక్కడమే దాని దుస్థితికి గుర్తు. అదే ఏడాది సెప్టెంబరులో జాతీయ హరిత ట్రైబ్యునల్ ఈ జాబితా మీద తనంతట తాను కేసు చేపట్టి, ప్రతి రాష్ట్రం నదుల పునరుద్ధరణ కమిటీలు వేసి ప్రణాళికలు ఇవ్వాలని ఆదేశించింది. ప్రణాళికలు వచ్చాయి. వాటిలో శుద్ధి కేంద్రాల సామర్థ్యం గురించి ఉంటుంది, ఎన్ని నమూనాలు తీశారో ఉంటుంది. వాగుకు ఎండాకాలంలో సొంత నీరంటూ ఏమైనా మిగిలిందా అన్న ప్రశ్నకు మాత్రం చోటు తక్కువ. పాలిస్టర్ చీరకు రంగు అద్ది, ఆవిరి పట్టి, ఉతికి, మళ్లీ ఉతికేసరికి నీరు విపరీతంగా ఖర్చవుతుంది. సూరత్, పల్సాణా ప్రాంతాల్లో ఇలాంటి మిల్లులు వందల్లో ఉన్నాయి. ఆ నీరు శుద్ధి చేసినా వాగు మొత్తం ఆ నీరే అయినప్పుడు దాన్ని వాగు అనడం కష్టం.

శుద్ధి చేయకుండా దొంగతనంగా వదిలితే ఏమవుతుందో 2022 జనవరి 6 తెల్లవారుజామున తేలింది. సచిన్ పారిశ్రామికవాడలో ఒక ట్యాంకరు నుంచి రసాయన వ్యర్థాన్ని పక్కనున్న మురుగు కాలువలోకి వదులుతుండగా వెలువడిన విషవాయువుకు దగ్గర్లోని మిల్లు కార్మికులు ఆరుగురు చనిపోయారు, ఇరవై మందికి పైగా ఆస్పత్రి పాలయ్యారు. చనిపోయినవాళ్లు ఆ ట్యాంకరుతో ఏ సంబంధమూ లేనివాళ్లు. పొట్ట చేతబట్టుకుని వచ్చిన వలస కూలీలు. ట్యాంకరు రాష్ట్రం బయటి నుంచి రావడం, వ్యర్థం చేతులు మారడం, చివరికి ఒక కాలువ దగ్గర పైపు విప్పడం, ఇదంతా జరిగింది ఆ కాలువను ఎవరూ కనిపెట్టి ఉండరన్న ధీమాతోనే. తాపీ వంతెన మీద ట్యాంకరు ఆపి పైపు విప్పే ధైర్యం ఎవరికీ ఉండదు.

చట్టం ఏం చెబుతోంది? చిత్రమేమిటంటే 1974 నాటి జల కాలుష్య నివారణ చట్టం ఈ వాగును మరచిపోలేదు. నది అయినా, నీరు పారే దారి అయినా, తాత్కాలికంగా ఎండిన దారి అయినా, పోటు నీరు అయినా ఆ చట్టం పరిధిలోనివే. కలుషితం చేయడాన్ని ఆ చట్టం నిషేధిస్తుంది. కానీ కలుషితం చేయకుండా పూడ్చేస్తే? అక్కడ పెద్ద ఖాళీ ఉంది. 2017 నాటి చిత్తడి నేలల నిబంధనలు నదీ ప్రవాహ మార్గాలను తమ పరిధి నుంచి తప్పించాయి. తీర నియంత్రణ జోన్‌లోకి వచ్చే ప్రాంతాలనూ తప్పించాయి. తీర నియంత్రణ నోటిఫికేషన్ పోటు ప్రభావం ఉన్నంతవరకే ఖాడీని పట్టించుకుంటుంది. అదికూడా 2011 నోటిఫికేషన్‌లో ఖాడీకి ఇరువైపులా 100 మీటర్లు లేదా ఖాడీ వెడల్పు, ఏది తక్కువైతే అది అని ఉన్నదాన్ని 2019లో 50 మీటర్లకు కుదించారు. మడ చెట్లుంటే గట్టి రక్షణ ఉంది, నిజమే. చెట్లు లేని ఉప్పు బీడుకు అంత గట్టిది లేదు. అంటే పోటు చేరని కడోదరా దగ్గర వాగుకు ఒక చట్టం వర్తించదు, పోటు చేరే ఖజోద్ దగ్గర మరో చట్టం వర్తించదు. రెండింటి మధ్య ఎక్కడైనా మట్టి లారీ వచ్చి దించేసి పోవచ్చు. ఈ సందు కడోదరాకే పరిమితం కాదు. కాకినాడ నుంచి తడ దాకా మన తీరంలోని ప్రతి వాగు కొసనా ఇదే సందు ఉంది.

బుడమేరు గుర్తుంది కదా. మైలవరం కొండల్లో పుట్టి కొల్లేరు చేరే ఏరు. ఏడాదిలో ఎక్కువ నెలలు దాన్ని విజయవాడ మురుగు కాలువగానే చూసింది. 2024 సెప్టెంబరు 1న దాని కట్టలకు గండ్లు పడి సింగ్‌నగర్, దాని చుట్టుపక్కల బస్తీలు రోజుల తరబడి నీళ్లలో ఉన్నాయి. కృష్ణా నదిపై ప్రకాశం బ్యారేజీ దగ్గర గంట గంటకూ నీటిమట్టం ప్రకటిస్తున్న వేళ, ఆ బస్తీలను ముంచింది కృష్ణ కాదు, బుడమేరు. సూరత్‌లో తాపీ, మీఠీ ఖాడీల మధ్య ఉన్న తేడా అక్షరాలా ఇదే. బుడమేరు పోయి చేరే కొల్లేరుకు సముద్రంలోకి ఉన్న దారి ఉప్పుటేరు ఒక్కటే. కొల్లేరులో చేపల చెరువుల గట్లు పెరిగినప్పుడు ఆ చిత్తడి ఎంత నీటిని పట్టుకోగలదో అంత తగ్గింది. 1999లో అభయారణ్యంగా ప్రకటించి, 2002లో రామ్‌సర్ జాబితాలో చేర్చి, 2005–06లో గట్లు కొట్టించినా ఆ పని ముగియలేదు. చిత్తడిని ఆక్రమించేవాడు ఒకడు, దాని ఫలితం అనుభవించేవాడు వేరొకడు. రెండు చోట్లా మునిగింది ఏరుకు దగ్గరగా అద్దె తక్కువని చేరిన శ్రమజీవులే.

దీనికి అధికారులు చెప్పే పరిష్కారం ఎప్పుడూ ఒకటే. ఖాడీని లోతు చేస్తాం, రెండు పక్కలా కాంక్రీటు గోడ కడతాం. పూడిక తీయడం అవసరమే. వానలకు ముందే తీయాలి, తీసిన మట్టిని అదే ఒడ్డున పోయకూడదు. గోడ విషయంలో మాత్రం ఆగి ఆలోచించాలి. గోడల మధ్య నీరు వేగంగా పారుతుంది. వేగంగా పారి ఎక్కడికి పోతుంది? పోటు అడ్డుపడే చోటికే ముందుగా చేరుతుంది. లోతు ఎక్కువ చేస్తే పోటు నీరు ఇంకాస్త పైకి ఎక్కుతుంది, ఉప్పు కూడా దాని వెంట వస్తుంది. దిగువన పరుచుకోవడానికి నేల లేనప్పుడు పైన ఎంత వేగం పెంచినా అది ఒక బస్తీ నీటిని పక్క బస్తీకి పంపడమే అవుతుంది. గోడ కట్టడం తేలిక, టెండరు పిలవవచ్చు, ఫొటో తీయవచ్చు. ఉప్పు నేలను ఉన్నదున్నట్టు వదిలేయడానికి టెండరు ఉండదు. ఆ పని ఎవరికీ పట్టకపోవడానికి ఇదొక కారణం.

ఇంకో వాదన ఉంది. నగరం పెరగాలి, పరిశ్రమలు రావాలి, వాగు కోసం ఉపాధి ఆపుకుంటామా అని. ఈ వాదనలో ఉపాధి పేరు చెప్పుకునేవాళ్లు ఉపాధి పొందేవాళ్లను అడగరు. వాగు పొంగినప్పుడు ముందుగా ఆగేది ఆ ఉపాధే. సూరత్‌కే చెందిన ఒక మంచి ఉదాహరణ ఉంది. నగరపాలక సంస్థ బమ్రోలీలో నగరం మురుగు నీటిని మూడు దశల్లో శుద్ధి చేసి, 2014 నుంచి పాండేసరా మిల్లులకు అమ్ముతోంది. మొదట కట్టిన కేంద్రం సామర్థ్యం రోజుకు 4 కోట్ల లీటర్లు. మిల్లుకు నీరు దొరికింది, సంస్థకు ఆదాయం వచ్చింది, మంచినీటి మీద భారం తగ్గింది. పరిశ్రమా, వాగూ రెండూ బతకవచ్చని నిరూపించిన నగరం కడోదరా, పల్సాణా మిల్లుల దాకా ఆ పద్ధతిని ఎందుకు తీసుకుపోకూడదు?

నా దృష్టిలో అన్నిటికంటే ముందు జరగాల్సింది ఒకటే. ఒక వాగు, ఒక బాధ్యుడు. పంచాయతీ, తాలూకా, నగరపాలక సంస్థ, సూరత్ పట్టణాభివృద్ధి సంస్థ, పారిశ్రామిక సంస్థ, నీటిపారుదల శాఖ, కాలుష్య మండలి, అటవీ శాఖ, రైల్వే, హైవే సంస్థ, ఇన్నిటి హద్దులూ దాటి పుట్టుక నుంచి మొగ దాకా వాగంతటికీ జవాబుదారీగా ఒక అధికారి ఉండాలి. తూము అడ్డుపడితే తీయించే అధికారం, మెరక పనికి ముందు నీటి లెక్క అడిగే అధికారం, ట్యాంకరు వదిలిన రోజున పేరుపెట్టి నిలదీయదగిన బాధ్యత అతనికి ఉండాలి. ఇది సూరత్‌కు తెలియని విద్య కాదు. 1994లో ప్లేగు పేరు చెప్పగానే లక్షల మంది ఖాళీ చేసి పారిపోయిన నగరం అది. మరుసటి ఏడాది నగరపాలక కమిషనర్‌గా వచ్చిన సూర్యదేవర రామచంద్రరావు, అందరికీ ఎస్.ఆర్. రావుగా తెలిసిన ఐఏఎస్ అధికారి, నగరాన్ని ఆరు జోన్లుగా విడగొట్టి ఒక్కో జోను అధికారికి తన అధికారాలే అప్పగించారు. పొద్దున్నే అందరూ వీధుల్లో ఉండాలన్నారు. చెత్త ఎక్కడ ఉంటే ఆ చోటికి బాధ్యుడెవరో తెలిసింది. కొద్దికాలంలోనే సూరత్ దేశంలోని శుభ్రమైన నగరాల్లో ఒకటిగా పేరు తెచ్చుకుంది. అప్పుడు పనిచేసింది యంత్రాలు కాదు, బాధ్యతను చోటుకు కట్టేయడం. జోనుకు చేసిన పనిని ఖాడీకి చేయాలి. ఖాడీ జోను గీత దగ్గర ఆగదు కాబట్టి నగరం గీతను దాటి కడోదరా పైదాకా చేయాలి.

రెండోది, మిగిలిన ఉప్పు నేలల సర్వే. ఎవరి పేరున ఉందన్నది తర్వాత చూసుకోవచ్చు. ముందు ఎంత ఎత్తున ఉంది, పౌర్ణమి పోటు వేళ వాన కురిస్తే ఎంత నీటిని పట్టుకుంటుంది అన్నది కొలవాలి. కొలిచి, ఆ నీటి పరిమాణాన్ని భూమి రికార్డులోనే రాయాలి. ఆ నేల మెరక చేయాలంటే అంత పరిమాణం మరోచోట చూపించాలి. డ్రోన్ సర్వేలతో గ్రామాల ఇళ్ల హద్దులు గీస్తున్న రోజుల్లో ఇది చేయలేని పని కాదు.

మూడోది చిన్నదే, రేపటి నుంచే మొదలుపెట్టవచ్చు. పోటు వేళలు ఏడాది ముందే అచ్చవుతాయి. ఓడరేవులో ప్రతి మత్స్యకారుడికీ అవి తెలుసు. కడోదరా ఎగువన, సాణియా హేమాద్ దగ్గర, లింబాయత్ దగ్గర ఖాడీలో నీటిమట్టం కొలిచే చిన్న పరికరాలు పెట్టి, ఆ మట్టాన్నీ ఆనాటి పోటు వేళనూ పక్కపక్కన పెట్టి చూస్తే ఏ పూట నీరు ఇళ్లలోకి వస్తుందో కొన్ని గంటల ముందే చెప్పవచ్చు. ఆ కొన్ని గంటలు చాలు, బీములు పైకి ఎత్తుకోవడానికి, మోటార్లు విప్పుకోవడానికి, ముసలివాళ్లనూ పిల్లలనూ మెరకకు చేర్చడానికి. ఆ కబురు గుజరాతీలోనే ఇస్తే చాలదు. సూరత్ నగరపాలక సంస్థ మరాఠీ, ఒడియా, ఉర్దూ, హిందీ, తెలుగు మాధ్యమాల్లో బడులు నడుపుతోంది, ఆ భాషల్లో రాయగలిగిన టీచర్లు దాని జీతాల పట్టికలోనే ఉన్నారు. వచ్చే వానాకాలం లోపు లింబాయత్ తెలుగు బడి గోడ మీద, మార్కండేయ గుడి దగ్గర, సాంచెల షెడ్ల తలుపుల మీద ఆనాటి ఖాడీ మట్టం, పోటు వేళ తెలుగులో కనిపించేలా చూడమని అక్కడి మన సంఘాలు నగరపాలక సంస్థకు ఇప్పుడే అర్జీ పెట్టాలి.